రాసి పెట్టింది ఎవరు?

మొన్న సెమిస్టర్ రిజల్ట్స్ వచ్చిన రోజు మా హాస్టల్ కారిడార్‌లో "నా రాత ఇంతే రా" అనే మాట ఒక గంటలో పదకొండు సార్లు విన్నాను. సరదాకి లెక్కపెట్టా. అందులో ఒకటి నాదే. మ్యాథ్స్‌లో రెండు మార్కులతో పోయింది. రీవాల్యుయేషన్‌కి పెట్టమని రూమ్మేట్ అంటే, "రాసి పెట్టి ఉంటే పాసయ్యేవాడినే కదా" అని దుప్పటి కప్పుకొని పడుకున్నా. పడుకున్నాక నిద్ర రాలేదు. ఎందుకంటే ఇదే మాట అన్నందుకు మా తాతని నేను ఎన్నో ఏళ్లు వెక్కిరించాను.

ముందే ఒక మాట. నేను ఎల్‌కేజీ నుంచి ఇంగ్లిష్ మీడియం. తెలుగులో ఇంత పొడుగు రాయడం ఇదే ఫస్ట్ టైమ్. ఇంకో మాట, ఇది దేవుడు ఉన్నాడా లేడా అనే డిబేట్ కాదు. ఆ డిబేట్ మన క్యాంటీన్‌లో రోజూ నడుస్తూనే ఉంది, ఇంతవరకు ఎవరూ గెలవలేదు. నేను అడిగేది చిన్న ప్రశ్న. మనం "రాత" అన్నప్పుడు నిజంగా ఏం చేస్తున్నాం? దేవుణ్ణి నమ్ముతున్నామా, లేక చేయాల్సిన పని తప్పించుకుంటున్నామా?

మాది నిజామాబాద్. తాతది బోధన్ దగ్గర పల్లె. ఎండాకాలం సెలవులన్నీ నాకు అక్కడే. తాత చెరకు రైతు. ఇప్పుడు చెరకు లేదు, వరి వేస్తున్నాడు. కానీ ఎవరైనా "ఏం పంట పెద్దాయనా" అని అడిగితే ఇప్పటికీ ఒక సెకను ఆగి జవాబు చెప్తాడు. ఆ ఒక సెకనులో చెరకు ఉంటుంది అనిపిస్తుంది నాకు.

శక్కర్‌నగర్ వైపు నుంచి ఎప్పుడు పోయినా మూతపడ్డ ఫ్యాక్టరీ కనిపిస్తుంది. చిన్నప్పుడు అడిగేవాణ్ణి, ఎందుకు మూసేశారు తాతా అని. ఆయన జవాబు ఒకటే. "ఏం జేస్తం బిడ్డా, దాని రాత గంతే."

ఇంటర్‌లో ఉన్నప్పుడు ఈ జవాబు నాకు బాగా కోపం తెప్పించేది. ఎందుకంటే నెట్‌లో వెతికితే ఆ ఫ్యాక్టరీ కథలో ప్రతి మలుపుకీ ఒక తేదీ దొరికింది. 1923లో మంజీర మీద నిజాంసాగర్ పని మొదలుపెట్టి 1931కి పూర్తి చేశారు. ఇంజనీర్ నవాబ్ అలీ నవాజ్ జంగ్. కాలువల్లో నీళ్లు వచ్చాయి. నీళ్లు వచ్చాయి కాబట్టి చెరకు వచ్చింది. చెరకు వచ్చింది కాబట్టి 1937లో నిజాం షుగర్ ఫ్యాక్టరీ వచ్చింది. ఆసియాలోనే పెద్దదని మా వైపు ఇప్పటికీ గొప్పగా చెప్పుకుంటారు. 2002లో 51 శాతం వాటా ప్రైవేటు చేతికి పోయింది. 2015 డిసెంబర్‌లో లేఆఫ్ పెట్టి బోధన్‌తో పాటు ముత్యంపేట, ముంబోజిపల్లి యూనిట్లు కూడా ఆపేశారు. 2024లో మళ్లీ తెరవడానికి ప్రభుత్వం కమిటీ వేసింది. నేను ఇది రాసేటప్పటికి చిమ్నీలో పొగ లేదు.

ఇందులో బ్రహ్మదేవుడు రాసింది ఎక్కడుంది? అన్నీ మనుషులు రాసినవే. తలరాత కింద ఎవరి సంతకమూ కనబడదు. ఈ కాగితాల కింద మాత్రం సంతకాలు ఉన్నాయి. నష్టాల వల్ల తప్పలేదని ఒకరంటారు, కావాలనే ముంచారని ఇంకొకరంటారు. ఎవరిది నిజమో వాదించుకోవచ్చు. వాదించుకోవడానికి చోటుంది అంటేనే అది వేరే విధంగా కూడా జరిగి ఉండేదని అర్థం. అలాంటిదాన్ని రాత అనేస్తే వాదన అక్కడే ఆగిపోతుంది. ఎవరినీ ఏమీ అడగాల్సిన పని ఉండదు.

అప్పట్లో నేను పెట్టుకున్న లెక్క సింపుల్. మతం జనాన్ని "రాత" అనేలా చేస్తుంది, రాత జనాన్ని కూర్చోబెడుతుంది, కాబట్టి మతమే ప్రాబ్లమ్. ఈ లెక్క నాకు చాలా రోజులు కరెక్ట్‌గానే అనిపించింది. దాన్ని మొదట తప్పని చూపించింది మా బోధన్ కథలే.

బోధన్‌ని మా వైపు ఏకచక్రపురం అంటారు. ఏకచక్రేశ్వర స్వామి గుడి ఇప్పటికీ ఉంది. భారతంలో బకాసురుణ్ణి భీముడు చంపిన ఊరు ఇదేనని నమ్మకం. నాకు ఈ కథ నానమ్మ చెప్పింది. ఆమె చెప్పినప్పుడు నాకు గుర్తున్నది బండెడు అన్నం, భీముడు తినడం, అంతే. మొన్న మళ్లీ చదివితే వేరే విషయం కనిపించింది.

ఊరి నుంచి బకుడికి బండెడు అన్నం, రెండు దున్నలు, ఒక మనిషి పోవాలి. ఇంటికొక వంతు. లక్క ఇల్లు తప్పించుకున్న పాండవులు తలదాచుకున్న ఇంటికి ఆ రోజు వంతు వచ్చింది. ఆ ఇంట్లో తండ్రి నేను పోతా అంటాడు, తల్లి నేను పోతా అంటుంది, కూతురు నేను పోతా అంటుంది. చివరికి మాటలు కూడా సరిగ్గా రాని చిన్న పిల్లాడు గడ్డిపరక పట్టుకొని దీంతో రాక్షసుణ్ణి కొడతా అంటాడు. ఎవరు పోవాలి అనే తప్ప, అసలు ఎందుకు పోవాలి అని ఆ ఇంట్లో పెద్దవాళ్లెవరూ అడగరు. ఊరంతా వంతుకి అలవాటు పడిపోయింది. ఆ ఇంటాయనే ఒక నిజం కూడా చెప్తాడు, మా రాజు చేతగానివాడు, మమ్మల్ని కాపాడడు అని. అంటే ఆ వంతు దేవుడు పెట్టింది కాదని ఆయనకి తెలుసు. తెలిసినా బండి కడుతున్నాడు.

పక్క గదిలోంచి ఏడుపు విన్న కుంతి లోపలికొచ్చి మీ పూర్వజన్మ కర్మ అనలేదు. నాకు అయిదుగురు కొడుకులున్నారు, ఒకణ్ణి పంపుతా అంది. నీడనిచ్చిన ఇంటి రుణం తీర్చాలి అనుకుంది. మన పెద్దలు తరతరాలుగా చెప్పుకున్న ఈ కథలో దైవం ఎలా వచ్చిందో చూడండి. పక్కింటి ఏడుపు విని లేచిన ఒక ఆడమనిషిలాగా వచ్చింది.

ఇంకో కథ బౌద్ధుల సుత్తనిపాతంలో ఉంది. పదహారు మహాజనపదాల్లో వింధ్యకి దక్షిణాన ఉన్నది ఒక్క అశ్మకమే. దాని రాజధాని పోతన మన బోధనే అని చాలామంది చరిత్రకారులు అంటారు. ఆ అశ్మక దేశంలో గోదావరి ఒడ్డున బావరి అనే ముసలి గురువు ఉండేవాడు. యజ్ఞం చేసి ఉన్నదంతా దానం చేసేశాడు. అప్పుడొకడు వచ్చి అయిదు వందలు అడిగాడు. లేవన్నందుకు ఏడో రోజు నీ తల ఏడు ముక్కలవుతుంది అని శపించాడు. బావరి భయంతో తిండి మానేశాడు. అప్పుడు ఒక దేవత వచ్చి, వాడికి తల అంటే ఏంటో తెలియదు, పగలడం అంటే ఏంటో తెలియదు, డబ్బు కోసం అలా అన్నాడు అని చెప్పింది. తెలిసినవాడు బుద్ధుడు, ఆయన్ని అడుగు అంది. బావరి పదహారు మంది శిష్యుల్ని ఉత్తరానికి పంపాడు. బుద్ధుడు ఇచ్చిన జవాబు సారం ఏంటంటే, అజ్ఞానమే ఆ తల, జ్ఞానమే దాన్ని పగలగొట్టేది.

ఎవరో వచ్చి చాలా కాన్ఫిడెంట్‌గా నీ భవిష్యత్తు ఇది అని చెప్తే భయపడి ముడుచుకోవడం అప్పటి నుంచీ ఉంది. వాడికి నిజంగా తెలుసా అని అడగడానికి అంత దూరం మనుషుల్ని పంపడం కూడా అప్పటి నుంచే ఉంది. రెండూ మా గోదావరి ఒడ్డు సంప్రదాయమే. మొదటిదాన్నే మతం అనుకొని రెండోదాన్ని వదిలేసింది నేను.

ఇక్కడితో ఆపితే ఈ వ్యాసం ఈజీగా అయిపోయేది. రాత అనకండి, పని చేయండి, ధన్యవాదాలు. కానీ మా ఇంట్లో దేవుడి గదిలో నరసింహస్వామి పటం పక్కన ఇంకో ఫోటో ఉంది. మా కాకది. నాన్న తమ్ముడు. పదిహేడేళ్లప్పుడు పోయాడు, నేను పుట్టక ముందు.

రాత్రిపూట కరెంటు ఇచ్చే రోజులు అవి. చెరకు తోటకి నీళ్లు కట్టడానికి రాత్రి పోయాడు. పాము కరిచింది. ఇంటికి నడుచుకుంటూ వచ్చి చెప్పాడట. అప్పటికి బాగానే ఉన్నాడు. ముందు మంత్రం వేసే ఆయన దగ్గరికి తీసుకుపోయారు. ఆయన ఏదో వేరు నూరి పోశాడు, తగ్గుతుంది అన్నాడు. తెల్లవారేసరికి కళ్లు మూతలు పడిపోయాయి. అప్పుడు బండి కట్టారు. దవాఖాన చేరలేదు.

ఈ కథ తాత నాకెప్పుడూ చెప్పలేదు. నాన్న చెప్పాడు, అదీ ఒక్కసారే. తాత ఆ ఫోటో చూసి అనే మాట మాత్రం చాలాసార్లు విన్నా. "వాని రాత గంతే ఉండె."

ఫ్యాక్టరీ గురించి ఆయన అన్న మాటా ఇదే. నేను రెండింటినీ ఒకే గాటన కట్టి వెక్కిరించాను. ఇప్పుడు ఆలోచిస్తే తేడా తెలుస్తుంది. మంత్రం దగ్గరికి తీసుకుపోయింది తాతే. ఆ రాత్రి నేరుగా బోధన్ పోయి ఉంటే అనే ప్రశ్న ఆయన్ని ప్రతి రోజూ తినేసి ఉండాలి. ఇంకా ఇద్దరు పిల్లలు, పొలం, అప్పు ఉన్న మనిషికి ఆ ప్రశ్నతో పొద్దున లేవడం సాధ్యమా? "రాత" అనే మాట ఆయనకి నిలబడటానికి ఒక గోడ ఇచ్చింది. ఆ గోడని నేను పద్దెనిమిదేళ్ల వయసులో లాజిక్‌తో కూల్చబోయాను. సిగ్గుగా ఉంది.

2015 జూలైలో గోదావరి పుష్కరాలకి తాత నన్ను కందకుర్తి తీసుకెళ్లాడు. గోదావరి, మంజీర, హరిద్ర కలిసే చోటు. నాకు అప్పుడు తొమ్మిదేళ్లు. తాత కాక పేరు మీద పిండం పెట్టి, చాలాసేపు నీళ్లకేసి చూస్తూ నిలబడ్డాడు. నేను బోర్ కొడుతోందని చెయ్యి లాగాను. అక్కడ ఆయనకి దేవుడు ఏ వివరణా ఇచ్చి ఉండడు. పదిహేడేళ్ల పిల్లాడు ఎందుకు పోయాడో ఏ శాస్త్రంలోనూ లేదు. కానీ చేయడానికి ఒక పని ఉంది. ఒక నది, ఒక తేదీ, పలకడానికి ఒక పేరు, చుట్టూ తనలాగే ఎవరినో పోగొట్టుకున్న వేలమంది ఉన్నారు. మతం ఇచ్చే అర్థం అంటే ఇదేనేమో. ఎందుకు జరిగింది అనేదానికి ఆన్సర్ దొరకదు, జరిగాక ఎలా బతకాలి అనేదానికి ఒక దారి దొరుకుతుంది.

మరి ఈ మాట మంచిదా చెడ్డదా? ఈ ప్రశ్నకి జవాబు నానమ్మ చెప్పింది, అదీ కోపంలో.

పోయిన చలికాలం సెలవులకి నేను ఊళ్లోనే ఉన్నా. ఒక రాత్రి తాతకి ఛాతీలో నొప్పి. చెమటలు పట్టాయి. నేను ఫోన్ తీసి 108కి కొడుతున్నా, సిగ్నల్ దొరకడం లేదు. తాత మంచం మీద కూర్చొని, "గ్యాస్ అయుంటది. పొద్దున చూద్దాం. రాసి పెట్టి ఉంటే ఆగుతదా" అన్నాడు.

నానమ్మ అప్పటికే చెప్పులేసుకుంది. "అప్పుడొకసారి రాత అన్నవు, ఇన్నా. ఇప్పుడు ఇన. లే, ఆటో ఎక్కు."

తాత ఇంకేం మాట్లాడలేదు. లేచాడు.

పక్క సందులో ఆటో భాయ్‌ని నిద్ర లేపాను. ఆయన లుంగీ మీదే వచ్చేశాడు. మా నాన్న నిజామాబాద్ దవాఖానలో మాట్లాడి పెట్టాడు. దారిలో జానకంపేట దగ్గర నానమ్మ ఆటోలోంచే నరసింహస్వామి గుడి వైపు చేతులు జోడించింది. ఆటో మాత్రం ఆపనివ్వలేదు. డాక్టర్ చూసి హార్ట్ అటాక్ అన్నాడు, స్టెంట్ వేశారు. ఇంకొన్ని గంటలు ఆలస్యమైతే కష్టమయ్యేది అన్నాడు.

తాతకి తెలివొచ్చాక అన్న మొదటి మాట, "దేవుడే ఆటో పంపిండు." నాలోని పాత నేనైతే వెంటనే అనేవాణ్ణి, దేవుడు కాదు తాతా, నానమ్మ పంపింది అని. ఈసారి అనలేదు. రెండూ ఒకటే ఏమో అనిపించింది.

ఆ రాత్రి తర్వాత నాకు భగవద్గీతలో ఒక విషయం దొరికింది. పద్దెనిమిదో అధ్యాయంలో, ఏ పని జరగడానికైనా అయిదు కారణాలు అని కృష్ణుడు చెప్తాడు. పని జరిగే ఆధారం, చేసేవాడు, పనిముట్లు, చేసే ప్రయత్నాలు, అయిదోది దైవం. దైవం లేదని చెప్పలేదు. అలాగని దైవం ఒక్కటే అని కూడా చెప్పలేదు. అయిదింటిలో అది ఒకటి. ఆ రాత్రికి లెక్క వేస్తే తాత శరీరం, లేచి నడిచిన తాత, ఆటో, స్టెంట్, నానమ్మ తొందర, భాయ్ డ్రైవింగ్, డాక్టర్ పని. ఇవన్నీ అయ్యాక ఇంకా ఏదో మిగులుతుంది. అదే రోజు నేను ఊళ్లో ఉండటం, భాయ్ ఆ రాత్రి ఎక్కడికీ పోకపోవడం, రోడ్డు మీద లారీ అడ్డం లేకపోవడం. ఆ మిగిలినదాన్ని మీరు లక్ అంటారు, నానమ్మ నరసింహస్వామి అంటుంది. పేరు మీ ఇష్టం. కానీ మొదటి నాలుగూ లేకుండా అయిదోదాన్ని మాత్రమే పిలిస్తే అది భక్తి ఎలా అవుతుంది?

డబ్బులిస్తే ఆటో భాయ్ తీసుకోలేదు. ఆయన నాకో కథ చెప్పాడు. ఒకాయన ప్రవక్త దగ్గరికొచ్చి, ఒంటెని కట్టేసి అల్లా మీద భారం వేయాలా, లేక కట్టకుండా వదిలేసి నమ్మాలా అని అడిగాడట. ముందు కట్టు, తర్వాత నమ్ము అని జవాబు వచ్చిందట. "నసీబ్ అని కూసుంటే ఒంటె ఉంటదా?" అని నవ్వాడు. మా బోధన్ బస్టాండ్‌లో "నసీబ్", "రాత" రెండూ ఒకే టోన్‌లో వినిపిస్తాయి. వాటికి మందు కూడా రెండు ఇళ్లల్లోనూ ఉందన్నమాట.

మన బ్రాంచ్ వాళ్లకి ఇంకో రకంగా చెప్తా. కోడ్‌లో ర్యాండమ్ ఫంక్షన్‌కి ఒకే సీడ్ ఇస్తే ప్రతిసారీ అవే నంబర్లు అదే వరుసలో వస్తాయి. జీవితం కూడా అంతే, సీడ్ ముందే సెట్ అయిపోయింది అని నా క్లాస్‌మేట్ వాదిస్తాడు. సరే, ఒప్పుకుందాం. కానీ లోపల రన్ అవుతున్న మనకి ఆ సీడ్ ప్రింట్ చేసి చూపించరు కదా. తెలియని వాల్యూ మీద ఇఫ్ కండిషన్ రాయలేం. నేను పడుకోవాలనే రాసి ఉందో, రీవాల్యుయేషన్‌కి పెట్టాలనే రాసి ఉందో నాకెలా తెలుసు? రాత ఉన్నా సరే, నిర్ణయం తీసుకునేటప్పుడు అది నాకు పనికొచ్చే డేటా కాదు.

కాబట్టి నేను పెట్టుకున్న రూల్స్ రెండే. ఒకటి, రాత అనే మాట జరిగిపోయినదానికే. ఇంకా టైమ్ ఉన్నదానికి వాడకూడదు. తాత కాక ఫోటో ముందు అంటే నేను పక్కన నిలబడతా. ఛాతీ నొప్పితో అంటే నానమ్మలా ఆటో పిలుస్తా. రెండు, నా కష్టానికి నేను అనుకోవచ్చు కానీ ఇంకొకరి కష్టానికి నేను ఆ మాట అనకూడదు. ఫ్యాక్టరీ మూతపడి ఊరు వదిలిపోయినవాళ్లని చూసి, ఫీజు కట్టలేక మధ్యలో మానేసిన సీనియర్‌ని చూసి "వాళ్ల కర్మ" అనేవాడు, బండి కట్టుకోండి, ఈసారి మీ వంతు అని చెప్పినట్టే.

వీటిల్లో కూడా చిక్కు ఉందని తెలుసు. ఫ్యాక్టరీ అయిపోయిన విషయమా, ఇంకా టైమ్ ఉన్న విషయమా? తాత అయిపోయింది అంటాడు. నేను ఇంకా కాలేదు అంటా. కానీ ఈసారి కోపంగా అనను. ఆయన ఎదురుచూసీ ఎదురుచూసీ ఆ మాట దగ్గరికి వచ్చాడు. నేను వికీపీడియా చదివి వచ్చాను. ఎదురుచూసి అలసిపోయినవాళ్లు ఆ మాట అనుకోవచ్చు. వాళ్లని అలసిపోయేదాకా నిలబెట్టినవాళ్లు మాత్రం అనకూడదు.

2027లో మళ్లీ గోదావరి పుష్కరాలు వస్తాయి. తాత ఇప్పటినుంచే కందకుర్తి పోదాం అంటున్నాడు. ఈసారి నేను చెయ్యి లాగను. ఆయన ఎంతసేపు నిలబడితే అంతసేపు నిలబడతా.

రీవాల్యుయేషన్‌కి మొన్న చివరి రోజు సాయంత్రం అప్లై చేశా. రిజల్ట్ ఇంకా రాలేదు. నానమ్మకి ఫోన్ చేసి చెప్తే, "మంచిగైంది, నేను స్వామికి మొక్కుకుంట" అంది. మళ్లీ వెంటనే అడిగింది, "ఒకవేళ రాకపోతే మళ్ల రాసే పరీక్షకి చదువుతున్నవా లేదా?"

చదువుతున్నా నానమ్మా.